నడక, నిలకడ: వ్యాయామ చికిత్స

నడకనూ నిలకడనూ మెరుగుపరిచే వ్యాయామాలు ఫిజియోథెరపీలో ఒక ప్రధాన విభాగం. పక్షవాతం, పార్కిన్సన్స్ జబ్బు, లోపలి చెవి లోపాలు, షుగరు వల్ల అరికాళ్ళు మొద్దుబారడం, మోకీళ్ళ అరుగుదల, తుంటి ఎముక విరగడం, వీటన్నిటితో పాటు వయసు. ఇన్ని దారుల్లో మనిషి నడక చెడుతుంది. దారి ఏదైనా చికిత్సకు మూలసూత్రం ఒకటే: తూలే అవకాశం లేని చోట నిలకడ పెరగదు. పక్కన పట్టు ఉంచి, పడకుండా కాపు కాసి, కొంచెం తూలేంత కష్టాన్ని కావాలని కల్పించి, ఆ తూలును సర్దుకోవడం ఒంటికి నేర్పుతారు. గోడను గట్టిగా పట్టుకొని నెలల తరబడి కాళ్ళూపినవారికి కాళ్ళలో కాస్త సత్తువ వస్తుందేమో గానీ, గోడ వదిలినప్పటి భయం అలాగే ఉంటుంది.

ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా ప్రకారం పడిపోవడం వల్ల ఏటా 6,84,000 మంది చనిపోతున్నారు. ప్రమాదవశాత్తూ తగిలే దెబ్బల వల్ల కలిగే మరణాల్లో రోడ్డు ప్రమాదాల తర్వాతి స్థానం దీనిదే. ఈ మరణాల్లో 80 శాతానికి పైగా అల్పాదాయ, మధ్యాదాయ దేశాల్లో సంభవిస్తున్నాయి. చావు దాకా వెళ్ళని పడిపోవడాలు అంతకు ఎన్నో రెట్లు. ఇంట్లో పెద్దావిడ పడితే "కాలు జారింది" అని ఒక్క మాటలో తేల్చేస్తారు. జారింది నిజమే. పాతికేళ్ళ మనవరాలు కూడా అదే బండ మీద జారుతుంది, కానీ పడదు. ఆ తేడా ఎక్కడుందో వెతకడంతోనే ఈ చికిత్స మొదలవుతుంది.

నిలబడటం అనే పని

నిటారుగా నిలబడ్డ మనిషి కదలకుండా ఉన్నట్టు కనిపిస్తాడు. నిజానికి ప్రతి క్షణం కొద్దికొద్దిగా ముందుకూ వెనక్కూ ఒరుగుతూనే ఉంటాడు. ఒంటి బరువు చీలమండలకు కాస్త ముందుగా పడుతుంది కాబట్టి, ముందుకు పడబోయిన ఒంటిని పిక్కల కండరాలు వెనక్కి లాగుతూ ఉండాలి. బస్సులో సీటు దొరకక గంటసేపు నిలబడితే పిక్కలు పీకేది ఇందుకే.

ఈ సర్దుబాటుకు సమాచారం మూడు చోట్ల నుంచి అందుతుంది. మొదటివి కళ్ళు. రెండోది లోపలి చెవి. అందులోని మూడు అర్ధవృత్తాకార నాళాలు తల తిరగడాన్ని పసిగడతాయి. వాటిని ఆనుకొని ఉన్న యుట్రికిల్, సాక్యూల్ అనే రెండు చిన్న సంచులు తల ఎటు వంగిందో, ఒళ్ళు ఎటు సాగుతోందో చెబుతాయి. మూడోది అరికాలి చర్మం, కీళ్ళు, కండరాలు కలిసి పంపే కబురు: కాలి కింద నేల గట్టిదా మెత్తదా, మోకాలు ఎంత వంగి ఉంది, బరువు మడమ మీద ఉందా మునివేళ్ళ మీద ఉందా అని. చిన్నమెదడు, మెదడు కాండం ఈ మూడింటినీ కలిపి కండరాలకు ఆజ్ఞలిస్తాయి. మూడింటిలో ఒకటి దెబ్బతింటే మిగతా రెండూ చాలావరకు మోస్తాయి. రెండు దెబ్బతింటే మనిషి గోడలు వెతుక్కుంటాడు.

జర్మన్ వైద్యుడు మోరిట్జ్ రోంబెర్గ్ 1840లలో వర్ణించిన పరీక్ష ఈ లెక్క మీదే నిలిచింది. సిఫిలిస్ వల్ల వెన్నుపాము వెనక భాగం దెబ్బతిన్న రోగులు కళ్ళు తెరిచి ఉన్నంతసేపూ నిలబడేవారు. కళ్ళు మూయగానే తూలిపోయేవారు. కాళ్ళ నుంచి వచ్చే కబురు ఆగిపోయాక కళ్ళే ఆధారమయ్యాయన్నమాట. రెండు పాదాలూ దగ్గర పెట్టి కళ్ళు మూయించే ఈ పరీక్షను న్యూరాలజిస్టులు ఇప్పటికీ చేస్తున్నారు. మన ఇళ్ళలో ఈ పరీక్ష డాక్టరు లేకుండానే జరుగుతుంటుంది. తలంటు పోసుకుంటూ నురగ కళ్ళలో పడకుండా రెప్పలు మూసుకున్న క్షణం, కాళ్ళ కింద తడి బండలు, పట్టుకోవడానికి ఏమీ లేదు. పీట మీద కూర్చుని చెంబుతో పోసుకున్న తరానికి ఈ గండం తక్కువ. షవరు వచ్చాక అందరూ నిలబడి పోసుకుంటున్నారు.

తూలు వచ్చినప్పుడు ఒళ్ళు మూడు రకాలుగా సర్దుకుంటుంది. చిన్న తూలైతే చీలమండ దగ్గరే సరిచేసుకుంటుంది. ఇంకాస్త పెద్దదైతే నడుము దగ్గర వంగి ఆపుకుంటుంది. అంతకు మించితే గబుక్కున ఒక అడుగు వేస్తుంది. అమెరికాలో లూయిస్ నాష్నర్ కదిలే పలకల మీద మనుషుల్ని నిలబెట్టి చేసిన పరిశోధనలతో ఈ అవగాహన స్థిరపడింది. చాలామంది వృద్ధుల్లో చీలమండ బిగుసుకుపోయి మొదటి ఉపాయం పనిచేయదు, అడుగు వేసే వేగం తగ్గి మూడోది ఆలస్యమవుతుంది. అందుకే మంచి వ్యాయామ క్రమం ఈ మూడింటినీ విడివిడిగా తట్టిలేపుతుంది.

నడకలో ఉన్న లెక్క

ఒక మడమ నేలను తాకిన క్షణం నుంచి అదే మడమ మళ్ళీ తాకేదాకా ఒక నడక చక్రం. అందులో సుమారు 60 శాతం సేపు కాలు నేల మీద ఉంటుంది, 40 శాతం సేపు గాలిలో ఊగుతుంది. రెండు పాదాలూ ఒకేసారి నేల మీద ఉండేది చక్రంలో దాదాపు అయిదో వంతు మాత్రమే. అంటే మిగతా 80 శాతం సేపు మనం ఒంటికాలి మీదే ఉంటాం. ఒంటికాలి మీద నిలబడే సాధనను పరీక్షల కోసం పెట్టిన విన్యాసం అనుకునేవారు ఈ లెక్క గుర్తుంచుకోవాలి.

గాలిలో ఊగే కాలి మునివేళ్ళకూ నేలకూ మధ్య మిగిలే ఎడం ఒక దశలో ఒకటి రెండు సెంటీమీటర్లకు పడిపోతుంది. మన పాత ఇళ్ళ గడపలు దానికంటే ఎత్తు. పాదాన్ని పైకెత్తే కండరం కొంచెం నీరసించినా, ఆలోచన ఇంకెక్కడో ఉన్నా, గడప దగ్గర బొటనవేలు తగులుతుంది. పిరుదు పక్క కండరాలది మరో కీలకమైన పని. ఒక కాలి మీద నిలబడ్డప్పుడు నడుము రెండో వైపుకు జారకుండా ఆపేవి అవే. అవి బలహీనపడితే ప్రతి అడుగుకూ నడుము అటూ ఇటూ ఊగుతుంది. జర్మన్ శస్త్రచికిత్స నిపుణుడు ట్రెండెలెన్‌బర్గ్ 1895లో దీన్ని వివరించాడు కాబట్టి ఆయన పేరుతోనే పిలుస్తారు. మనవాళ్ళు బాతు నడక అంటారు, అదీ సరైన వర్ణనే.

నడక వేగం ఆరోగ్యానికి మంచి కొలమానమని వైద్యులు ఒప్పుకోవడానికి చాలాకాలం పట్టింది. అమెరికాలో స్టెఫనీ స్టూడెన్‌స్కీ బృందం 34,485 మంది వృద్ధుల వివరాలు క్రోడీకరించి 2011లో ప్రచురించిన విశ్లేషణలో, వేగంగా నడవగలిగినవారు ఎక్కువకాలం బతికారని తేలింది. సెకనుకు 0.8 మీటరు దగ్గర సగటు ఆయుష్షు, 1 మీటరు దాటితే అంతకంటే మెరుగు. వేగంగా నడిస్తే ఆయుష్షు పెరుగుతుందని దీనికి అర్థం చెప్పుకోకూడదు. గుండె, ఊపిరితిత్తులు, నరాలు, కీళ్ళు అన్నీ బాగుంటేనే ఆ వేగం సాధ్యమవుతుంది కాబట్టి వేగం వాటన్నిటి సంగతినీ ఒకేసారి చెప్పేస్తోంది.

ఈ విద్య ఎలా పెరిగింది

వ్యాయామంతో నడకను తిరిగి నేర్పవచ్చన్న ఆలోచన వెనక ఒక చిత్రమైన కథ ఉంది. స్విట్జర్లాండ్‌లోని హైడెన్ అనే ఊళ్ళో హైన్రిష్ ఫ్రెంకెల్ అనే వైద్యుడు ఉండేవాడు. 1880ల చివర్లో ఆయన ఒక టేబిస్ (సిఫిలిస్ వల్ల వెన్నుపాము దెబ్బతినే జబ్బు) రోగిని పరీక్షిస్తూ, కళ్ళు మూసుకొని వేలితో ముక్కు ముట్టుకోమన్నాడు. రోగి చేయలేకపోయాడు. కొన్ని నెలల తర్వాత మళ్ళీ వచ్చినప్పుడు చక్కగా చేసేశాడు. జబ్బు తగ్గిందా అంటే లేదు. పరీక్షలో తప్పడం ఇష్టంలేక ఇంటి దగ్గర సాధన చేసి వచ్చాడట! ఫ్రెంకెల్ ఆ మాటను నవ్వి వదిలేయలేదు. పోయిన నరం తిరిగి రాకపోయినా, మిగిలిన నరాలతోనే పని నేర్పవచ్చని గ్రహించి ఒక వ్యాయామ పద్ధతి తయారుచేశాడు. మొదట పడుకొని మడమను నెమ్మదిగా జార్చడం, తర్వాత కూర్చుని, ఆపైన నిలబడి, చివరికి నేల మీద గీసిన పాదముద్రల్లో అడుగు వేస్తూ నడవడం. అన్నీ లెక్క పెడుతూ, కాళ్ళను కళ్ళతో చూసుకుంటూ చేయాలి. బలానికంటే నిదానానికీ గురికీ విలువ ఎక్కువ. చిన్నమెదడు జబ్బుల్లో, నరాల మొద్దుబారుడులో ఫ్రెంకెల్ వ్యాయామాలను ఇప్పటికీ వాడుతున్నారు.

రెండో ప్రపంచ యుద్ధం ఇంకో అధ్యాయం తెరిచింది. తలకు దెబ్బ తగిలి కళ్ళు తిరుగుతున్న సైనికులకు మంచం మీద విశ్రాంతి ఇస్తే కోలుకోవడం ఆలస్యమవుతోందని, లేచి తిరిగేవారు త్వరగా బాగుపడుతున్నారని బ్రిటన్‌లో చెవి శస్త్రవైద్యుడు టెరెన్స్ కాథార్న్, పునరావాస వైద్యుడు కుక్సీ గమనించారు. కళ్ళు తిప్పడం, తల తిప్పడం, వంగి లేవడం, బంతి విసిరి పట్టుకోవడం, మెట్లు ఎక్కి దిగడం, ఇలా కళ్ళు తిరిగే పనులనే కొంచెం కొంచెంగా చేయించారు. 1940ల నాటి ఈ కాథార్న్-కుక్సీ వ్యాయామాలు నేటి వెస్టిబ్యులర్ (లోపలి చెవి లోపాలకు చేసే) చికిత్సకు పునాది. కళ్ళు తిరుగుతున్నాయంటే పడుకోబెట్టి తల కదపవద్దనడం మన ఇళ్ళలో ఇంకా పోలేదు. కదలనంతకాలం మెదడుకు కొత్త లెక్క నేర్చుకునే అవకాశం దొరకదు.

తర్వాతి మలుపు న్యూజిలాండ్‌ది. డ్యునెడిన్ నగరంలోని ఒటాగో విశ్వవిద్యాలయంలో జాన్ క్యాంప్‌బెల్, క్లేర్ రాబర్ట్‌సన్ రూపొందించిన కార్యక్రమాన్ని మొదట 80 ఏళ్ళు దాటిన మహిళల మీద పరీక్షించి 1997లో ఫలితాలు ప్రకటించారు. జిమ్ము లేదు, యంత్రం లేదు. ఫిజియోథెరపిస్టు ఇంటికి వచ్చి నేర్పుతారు. చీలమండకు కట్టుకునే చిన్న బరువులతో కాళ్ళ వ్యాయామాలు, నిలకడ సాధన వారానికి మూడుసార్లు, దానికి తోడు నడక. మొత్తం నాలుగు పరీక్షల ఫలితాలు కలిపి చూస్తే పడిపోవడం 35 శాతం తగ్గింది.

భారతదేశంలో ఫిజియోథెరపీ చదువు 1953లో బొంబాయి కె.ఇ.ఎం. ఆసుపత్రిలో, ప్రపంచ ఆరోగ్య సంస్థ సహాయంతో మొదలైంది. అప్పటి ముఖ్య అవసరం పోలియో. కాలిపర్లు తొడుక్కున్న పిల్లలకు నడక నేర్పడమే ఈ వృత్తికి తొలి పని. 2014లో దేశం పోలియో రహితమైంది. ఇప్పుడు హైదరాబాద్ నిమ్స్‌లో గానీ తిరుపతి స్విమ్స్‌లో గానీ ఫిజియోథెరపీ విభాగంలో పారలల్ బార్ల మధ్య నడిచేది ఎక్కువగా పక్షవాతం వచ్చినవారు, పెద్దవయసువారు.

కొలిచి చూడటం

వ్యాయామం మొదలుపెట్టేముందు కొలత తీసుకోవాలి. లేకపోతే మూడు నెలల తర్వాత "కాస్త నయంగానే ఉందండీ" అనే మాట తప్ప చేతిలో ఏమీ మిగలదు.

అందరికీ అందుబాటులో ఉన్న పరీక్ష ఒకటి. కుర్చీలో కూర్చున్న మనిషి లేచి, మూడు మీటర్లు మామూలు వేగంతో నడిచి, తిరిగి వచ్చి కూర్చోవాలి. 1991లో కెనడాలో పోడ్‌సియాడ్లో, రిచర్డ్‌సన్ దీనికి గడియారం జోడించారు. 12 సెకన్లు, అంతకు మించి పట్టినవారికి పడే ముప్పు ఎక్కువని అమెరికా వ్యాధి నియంత్రణ కేంద్రం పరిగణిస్తుంది. సెకన్ల కంటే చూడాల్సినవి ఇంకా ఉన్నాయి: లేవడానికి చేతుల ఆసరా తీసుకున్నారా, తిరిగేటప్పుడు ఎన్ని చిన్న అడుగులు వేశారు, కూర్చునేటప్పుడు నిదానంగా కూర్చున్నారా లేక కుర్చీలో కూలబడ్డారా.

మరింత వివరంగా చూడాలంటే కేథరీన్ బెర్గ్ 1989లో ప్రచురించిన కొలమానం ఉంది. 14 పనులు, ఒక్కోదానికి 0 నుంచి 4 మార్కులు, మొత్తం 56. కుర్చీలోంచి లేవడం, వెనక్కి తిరిగి చూడటం, నేల మీద చెప్పు తీయడం, ఒంటికాలి మీద నిలబడటం వంటివి అందులో ఉంటాయి. 45 కంటే తక్కువ వస్తే జాగ్రత్త పడాలన్నది వాడుకలో ఉన్న హద్దు. ఒంటికాలి పరీక్ష గురించి బ్రెజిల్‌లో క్లాడియో అరౌజో బృందం 2022లో ప్రచురించిన అధ్యయనం పత్రికల్లో బాగా తిరిగింది. 51 నుంచి 75 ఏళ్ళ మధ్య ఉన్న 1,702 మందిలో పది సెకన్లు నిలబడలేనివారికి తర్వాతి ఏడేళ్ళలో మరణం ముప్పు 84 శాతం ఎక్కువగా కనిపించింది. ఇదీ నడక వేగం లాంటి సూచికే. రోజూ పది సెకన్లు నిలబడితే మృత్యువు దూరమవుతుందని చెప్పే వీడియోలను నమ్మనక్కర్లేదు.

నాకు బాగా నచ్చిన పరీక్షకు పరికరమేదీ అక్కర్లేదు. స్వీడన్‌లో లండిన్-ఓల్సన్ బృందం 1997లో ఒక వృద్ధాశ్రమంలో 58 మందిని నడిపిస్తూ మాట కలిపింది. జవాబు చెప్పడానికి 12 మంది నడక ఆపేశారు. వాళ్ళలో 10 మంది తర్వాతి ఆరు నెలల్లో పడ్డారు. ధ్యాసంతా కాళ్ళ మీదే పెడితే తప్ప నడవలేనివారికి రెండో పని తగలగానే నడక చెదిరిపోతుంది.

వ్యాయామాలు

వ్యాయామానికి ఇంట్లో అన్నిటికంటే మంచి చోటు వంటగది. వంటగట్టు కదలదు, నడుమెత్తున ఉంటుంది, పడబోతే రెండు చేతులా పట్టుకోవచ్చు. వెనకాల ఒక బరువైన కుర్చీ వేసుకుంటే అటు కూడా కాపు దొరుకుతుంది. ప్లాస్టిక్ కుర్చీ మాత్రం పనికిరాదు, మనిషితో పాటు అదీ పడుతుంది. తడి లేకుండా తుడిచిన నేల మీద, వదులు హవాయి చెప్పులు విడిచి, చీర కుచ్చిళ్ళు గానీ లుంగీ అంచు గానీ పాదాల మీదికి జారకుండా చూసుకొని మొదలుపెట్టాలి.

ఒక్క వ్యాయామమే చేయగలిగితే ఏది చేయాలని అడిగితే కుర్చీలోంచి లేచి కూర్చోవడమే అంటాను. పాదాలను మోకాళ్ళకంటే కాస్త వెనక్కి తీసుకోవాలి. ముక్కు కాలివేళ్ళ మీదికి వచ్చేదాకా ముందుకు వంగాలి, అప్పుడు లేవాలి. చాలామంది వెనక్కి వాలి ఉండగానే లేవబోయి, మళ్ళీ కూలబడి, "కాళ్ళలో సత్తువ లేదమ్మా" అంటారు. సత్తువ సగం, వంగడం సగం. మొదట్లో కష్టమైతే కుర్చీలో మడత దుప్పటి వేసి ఎత్తు పెంచాలి, వారం వారం ఆ ఎత్తు తగ్గించాలి. చేతులు ఛాతీ మీద కట్టుకొని పదిసార్లు లేవగలిగాక, కూర్చోవడాన్ని నిదానం చేయాలి. కండరం ఎక్కువ నేర్చుకునేది దిగేటప్పుడే.

బలానికి మరో మూడు: గట్టు పట్టుకొని మడమలెత్తడం పిక్కలకు, మడమల మీద నిలబడి మునివేళ్ళెత్తడం గడప దాటించే కండరానికి, కాలును పక్కకు ఎత్తడం పిరుదు పక్కకు. మూడోదానిలో ఒళ్ళు రెండో వైపుకు వంచేసి కాలెత్తినట్టు భ్రమపడటం మామూలు. నిటారుగా నిలబడి జానెడు ఎత్తినా చాలు.

నిలకడ సాధనలో మెట్లు ఇలా ఉంటాయి. పాదాలు పక్కపక్కన ఆనించి నిలబడటం మొదటిది. ఒక పాదాన్ని సగం ముందుకు జరపడం రెండోది. ఒక మడమను రెండో పాదం బొటనవేలికి ఆనించి వరసగా నిలబడటం మూడోది. ఒంటికాలు నాలుగోది. ఒక్కోటీ పది సెకన్లు స్థిరంగా నిలిస్తే తర్వాతి మెట్టుకు వెళ్ళవచ్చు. గట్టు మీద మొదట రెండు చేతులు, తర్వాత ఒక చెయ్యి, తర్వాత ఒక వేలు, చివరికి చెయ్యి గట్టుకు పైన గాలిలో. మెట్టు తేలికైపోతే దాన్నే కష్టం చేసే ఉపాయాలున్నాయి. తల అటూ ఇటూ తిప్పడం లోపలి చెవికి పని పెడుతుంది. మడతపెట్టిన పరుపు మీద నిలబడితే అరికాలి కబురు తగ్గి మిగతా రెండిటి మీద భారం పడుతుంది. కళ్ళు మూయడం అన్నిటికంటే కష్టం, పక్కన మనిషి లేకుండా చేయకూడదు. కాస్త తూలుతుంటే వ్యాయామం సరిగ్గా ఉన్నట్టు. అసలు తూలు లేకపోతే ఆ మెట్టు అయిపోయినట్టు.

ఆ తర్వాత నడక. గట్టు వెంట పక్కకు అడుగులు, వెనక్కి అడుగులు, గీత మీద నడిచినట్టు మడమ-వేలు ఆనించి అడుగులు, రెండు చెంబులు ఎడంగా పెట్టి వాటి చుట్టూ ఎనిమిది అంకెలా తిరగడం. నడిచే దారి మీద పుస్తకాలు పెట్టి దాటడం. చేతిలో నీళ్ళ గ్లాసు పట్టుకొని, నూటి నుంచి మూడేసి తగ్గిస్తూ లెక్కపెడుతూ నడవడం. ఇదంతా ఎక్కడో చూసినట్టుందనిపిస్తే తప్పులేదు. ఒంటికాలి మీద గెంతుతూ, గీత తొక్కకుండా, కాలితో పెంకును గడిలోకి నెట్టే తొక్కుడుబిళ్ళలో బలం, నిలకడ, గురి, రెండు పనులు ఒకేసారి చేయడం అన్నీ ఉన్నాయి. అరవై ఏళ్ళ తర్వాత ఆ ఆటను గట్టు పట్టుకొని మళ్ళీ నేర్చుకుంటున్నామన్నమాట.

మెట్ల దగ్గర ఒక సూత్రం ఉంది: ఎక్కేటప్పుడు మంచికాలు ముందు, దిగేటప్పుడు నొప్పికాలు ముందు. పైకెత్తేదీ కిందికి దించేదీ మంచికాలే కావాలని దీని భావం.

జబ్బును బట్టి మారే పద్ధతి

పక్షవాతం తర్వాత చెయ్యీ కాలూ పడిపోయినవారు పాదం పైకి లేవక, కాలిని పక్కనుంచి గుండ్రంగా తిప్పి వేస్తారు. పాదం వేలాడితే చీలమండను ఎత్తి ఉంచే తొడుగు వాడాలి. కోలుకోవడంలో ఎక్కువ భాగం మొదటి మూడు నెలల్లో జరుగుతుంది, ఆ తర్వాత కూడా సాధనకు ఫలితం ఉంటుంది. ఒంటి బరువును పై నుంచి పట్టీలతో మోస్తూ ట్రెడ్‌మిల్ మీద నడిపించే ఖరీదైన పద్ధతి ఒకటి బాగా ప్రచారంలోకి వచ్చింది. అమెరికాలో 408 మందితో జరిగి 2011లో వెలువడిన లీప్స్ పరీక్షలో దాన్ని, ఇంటి దగ్గర ఫిజియోథెరపిస్టు నేర్పిన బలం, నిలకడ వ్యాయామాలతో పోల్చారు. ఏడాది తిరిగేసరికి రెండు వైపులా మెరుగుదల ఒక్కటే. ఆస్తి అమ్మైనా సరే పెద్ద యంత్రం ఉన్న నగరానికి తీసుకెళ్ళాలని తపించే కుటుంబాలు ఈ ఫలితం తెలుసుకోవాలి. ఆ డబ్బుతో ఊళ్ళోనే ఫిజియోథెరపిస్టును రోజూ ఇంటికి పిలవవచ్చు.

పార్కిన్సన్స్‌ది వేరే చిక్కు. అడుగులు చిన్నవై, గుమ్మం దగ్గరకొచ్చేసరికి పాదాలు నేలకు అతుక్కుపోతాయి. కాళ్ళలో బలం ఉంటుంది, అడుగు మొదలుపెట్టే సంకేతమే మెదడులో ఆలస్యమవుతుంది. ఆ సంకేతాన్ని బయటి నుంచి ఇస్తే అడుగు పడుతుంది. నేల మీద అడ్డంగా గీతలు అతికిస్తే వాటిని దాటుతూ నడవగలుగుతారు. తాళం వినిపిస్తే దానికి అనుగుణంగా అడుగు వేస్తారు. చైనా వారి తాయ్ చీ వల్ల ఈ రోగుల్లో నిలకడ పెరిగి, పడిపోవడం తగ్గిందని అమెరికాలోని ఓరెగన్‌లో 195 మందితో జరిగిన పరీక్ష 2012లో చూపింది.

షుగరు రోగుల్లో తొలి గుర్తు చాలాసార్లు చెప్పు దగ్గరే తెలుస్తుంది. నడుస్తూ నడుస్తూ చెప్పు జారిపోయినా వారికి తెలియదు. అరికాలి కబురు పోయింది కాబట్టి వారికి నిలకడ సాధన ఎంత అవసరమో, రోజూ పాదాలు చూసుకోవడమూ అంతే అవసరం. పుండు ఉన్న పాదంతో నడక సాధన చేయకూడదు. బి12 విటమిన్ లోపం కూడా ఇలాంటి మొద్దుబారుడే తెస్తుంది. మాంసం, గుడ్లు, పాలు ముట్టనివారిలో దాన్ని ముందుగా పరీక్షించాలి, ఎందుకంటే వ్యాయామం ఆ లోటు తీర్చలేదు.

పక్కమీద దొర్లినప్పుడో, పై అరలోని డబ్బా అందుకోబోయినప్పుడో గిర్రున కళ్ళు తిరిగి నిమిషంలోపే ఆగిపోతే అది చాలావరకు లోపలి చెవిలోని కాల్షియం రేణువులు చోటు తప్పి నాళంలో పడటం వల్ల. దీనికి వ్యాయామాల కంటే ముందు, అమెరికన్ వైద్యుడు జాన్ ఎప్లీ కనిపెట్టిన తల తిప్పే ప్రక్రియ చేయించుకోవాలి. సరిగ్గా చేస్తే కొన్ని నిమిషాల్లో రేణువులు తిరిగి చోటికి చేరతాయి. నెలల తరబడి కళ్ళు తిరగడానికి మాత్రలు మింగేవారిలో ఎందరికి ఈ ప్రక్రియ చాలునో!

ఉన్నట్టుండి ఒక వైపు బలం తగ్గినా, మాట తడబడినా, ఛాతీలో నొప్పి వచ్చినా వ్యాయామం ఆపి ఆసుపత్రికి పోవాలి. పడుకొని లేవగానే కళ్ళు చీకట్లు కమ్మితే బీపీ చూపించుకోవాలి. నిద్రమాత్రలు వేసుకునేవారు ఆ సంగతి డాక్టరుకు తప్పక చెప్పాలి, పెద్దవారు పడటానికి అవో ముఖ్య కారణం.

కర్ర

చేతికర్రను నొప్పి ఉన్న వైపు పట్టుకోవడం చూస్తూ ఉంటాం, సినిమాల్లో కూడా. అది తప్పు. నొప్పికాలు కుడిదైతే కర్ర ఎడమచేతిలో ఉండాలి. కుడికాలు ముందుకు పడినప్పుడే కర్రా ముందుకు పడాలి. అప్పుడు తుంటి మీది బరువును కర్ర పంచుకుంటుంది. నిలబడి చెయ్యి వేలాడదీస్తే మణికట్టు మడత ఎంత ఎత్తున ఉంటుందో కర్ర పిడి అంతే ఎత్తు ఉండాలి. తాతగారి కర్ర నానమ్మకు పనికిరాకపోవడానికి కారణం ఇదే. కర్ర కింది రబ్బరు అరిగిపోతే కర్ర లేకపోవడమే నయం. కర్ర పట్టుకుంటే ముసలితనం ఒప్పుకున్నట్టని మొండికేసేవారికి ఫిజియోథెరపిస్టులు తరచూ చెప్పే సంగతి: వ్యాయామం సాగుతుంటే కర్రను వదిలేసే రోజూ రావచ్చు.

ఎంత, ఎన్నాళ్ళు

వైద్య పరీక్షల ఫలితాలను క్రోడీకరించే కాక్రేన్ సంస్థ 2019 సమీక్ష 108 పరీక్షలను, 23,407 మందిని లెక్కలోకి తీసుకుంది. వ్యాయామం పడిపోవడాన్ని 23 శాతం తగ్గిస్తోందని, నిలకడా రోజువారీ కదలికలూ కలిసిన వ్యాయామాలకు ఈ ఫలితం ఖాయంగా ఉందని తేల్చింది. ఒట్టి నడకకు మాత్రం అలాంటి రుజువు దొరకలేదు. "రోజూ గంట వాకింగ్ చేస్తాను, నాకేం" అనే పార్కు మిత్రులకు ఇది రుచించదు. నడక గుండెకు, షుగరుకు మంచిదే. చదునైన దారిలో అలవాటైన వేగంతో నడిస్తే తూలే అవకాశమే రాదు, అందువల్ల నిలకడకు కొత్తగా చేరేదేమీ లేదు. ఈ సమీక్షకు సారథి అయిన ఆస్ట్రేలియా ఫిజియోథెరపిస్టు కేథరీన్ షెరింగ్టన్ బృందం వారానికి మూడు గంటలకు తగ్గకుండా, నిలకడకు నిజంగా సవాలు విసిరే వ్యాయామాలు చేయాలని సూచించింది. ఆపేస్తే కొన్ని నెలల్లో ఫలితం కరిగిపోతుంది. పళ్ళు తోముకోవడం, కాఫీ కలపడం వంటి పనులకు ఒంటికాలి సాధనను, మడమలెత్తడాన్ని ముడిపెట్టినవారు ఎక్కువకాలం కొనసాగిస్తారు.

నేల మీంచి లేవడం

పడ్డప్పటి దెబ్బ కంటే, పడ్డాక లేవలేక గంటల తరబడి నేల మీదే ఉండిపోవడం కొన్నిసార్లు ఎక్కువ హాని చేస్తుంది. భోజనాలకు బల్లలు, పూజకు కుర్చీలు, స్నానాలగదిలో కమోడ్లు వచ్చాక నేల మీద కూర్చుని లేచే అలవాటు తెలుగు ఇళ్ళలో తగ్గిపోయింది. మోకాళ్ళు అరిగినవారికి ఆ మార్పు మేలే చేసింది. మోకాళ్ళు బాగున్నవారు కూడా మానేయడంతో అవసరమైనప్పుడు లేచే దారి మరిచిపోయారు. అందుకే మంచి ఫిజియోథెరపిస్టు దీన్ని కూడా ఒక వ్యాయామంగా నేర్పుతారు, పడకముందే.

చాప పరిచి, పక్కన మంచం ఉండేలా చూసుకొని, ఇంకో మనిషి తోడుండగా సాధన చేయాలి. వెల్లకిలా పడుకున్నవారు మొదట పక్కకు దొర్లాలి. మోచేతి మీద లేచి, అక్కణ్ణుంచి రెండు చేతులు, రెండు మోకాళ్ళ మీదికి రావాలి. అలాగే మంచం దాకా పాకాలి. మంచం పట్టె మీద రెండు చేతులూ ఆనించి, బలమైన కాలి పాదాన్ని ముందుకు వేసి, చేతులతో కిందికి నొక్కుతూ లేచి, ఒళ్ళు తిప్పి మంచం మీద కూర్చోవాలి. లేచీ లేవగానే నడవకూడదు. రెండు నిమిషాలు అక్కడే కూర్చుని, ఊపిరి కుదుటపడ్డాక, ఎక్కడైనా నొప్పి ఉందేమో కాళ్ళూ చేతులూ కదిపి చూసుకోవాలి.